మీ ఫాంటసీ లోకానికి మంత్రపు గుర్తు ఏది పెట్టుకోవాలి: రూన్‌లా, నక్షత్రమా, అంకెల చదరమా, మెలికల ముగ్గా?

శనివారం సాయంత్రాలు చెన్నైలో, పెరుంగుడిలో ఉన్న మా ఫ్లాట్‌లో ఐదుగురం కూర్చుని కథ ఆట ఆడుకుంటాం, అంటే ఒకరు కథ నడుపుతుంటే మిగతావాళ్ళు తలో పాత్రగా ఆడతారు. ఇరవై ముఖాల డైస్, నాలుగు కాగితాలు, మధ్యలో ఒక గిన్నెడు సుండల్, మాట్లాడేది మొత్తం తెలుగులోనే. ఇద్దరు నెల్లూరోళ్ళు, ఒక ఒంగోలు అక్క, ఇక్కడే పెరంబూర్‌లో పుట్టి పెరిగిన ఒక తెలుగమ్మాయి, నేను గుంటూరు. కథ నడిపేది నేను కాబట్టి తిట్లు తినేది కూడా నేనే.

లోకం మేమే కల్పించుకున్నాం. సముద్రం ఒడ్డున కొన్ని ఊళ్ళు, తెల్లారుజామున నీళ్ళ మీంచి ఒక పొగమంచు లేస్తుంది, దాని పేరు మరుపు. అది ఏ ఇంట్లో దూరితే ఆ ఇంట్లో ఒకరి పేరు మిగతావాళ్ళందరూ మర్చిపోతారు. మనిషి ఎదురుగానే ఉంటాడు, కంచంలో అన్నం పెడతారు, పేరు మాత్రం నోటికి రాదు. దాన్ని ఆపేది గడప ముందు గీసే ఒక గుర్తు, ఆ ఊళ్ళలో దాన్ని కట్టు అంటారు. ఇదంతా ఒక్క సాయంత్రంలో అయిపోయింది, కానీ ఆ కట్టు చూడ్డానికి ఎలా ఉంటుంది అన్నదగ్గర మూడు వారాలు కొట్టుకున్నాం. ఆ కొట్లాటలో తేలింది రాస్తున్నా, మీరు కూడా ఇలాంటి లోకం ఏదైనా కడుతుంటే, ఆటకైనా కథకైనా, మూడు వారాలు మిగుల్తాయి.

ముందు ఒక మాట. అందరూ గుర్తు అందంగా ఉందా లేదా అని చూస్తారు, మేమూ అదే చేసాం, ఫోన్‌లో బొమ్మలు చూసుకుంటూ ఇది బాగుంది అది బాగుంది అని. అది వేస్ట్. అడగాల్సింది ఏంటంటే, ఈ గుర్తు తప్పుగా గీస్తే ఏమవుతుంది, తప్పు గీసారని చూసేవాడికి ఎలా తెలుస్తుంది. ఈ రెండిటికీ జవాబు లేని గుర్తు చొక్కా మీద ప్రింట్‌కి పనికొస్తుంది గానీ కథకి పనికిరాదు. తోకని మింగే పాము సంగతి అదే, ఈజిప్ట్‌లో టుటంఖామున్ సమాధిలో కూడా ఉంది, రసవాదులు వాడారు, అంతా గొప్పదే, కానీ పాము బొమ్మ తప్పు గీయడం అంటే ఏంటి, పాము లావుగా వచ్చిందనా? ఐదు నిమిషాల్లో వదిలేసాం.

నెల్లూరు వాళ్ళలో పెద్దోడు రూన్‌లు, అంటే ఉత్తర యూరప్‌వాళ్ళ పాతకాలపు రాత, కావాలన్నాడు. ఇంగ్లీష్ గేమ్స్ ఎక్కువ ఆడతాడు, వాడికి మంత్రం అంటే రాయి మీద మెరిసే గీతలే. రూన్‌లలో నిజంగా మంచి విషయం ఉంది, అవి బొమ్మలు కావు, అక్షరాలు. పాత వరసలో 24 ఉంటాయి, ఒక్కోదానికి ఒక శబ్దం, ఒక పేరు, మొదటిదాని పేరుకి అర్థం పశువులు, అంటే సంపద, మన గొడ్డూ గోదా లెక్కే. అన్నీ నిటారు గీతలు, ఏటవాలు గీతలే, గుండ్రాలు ఉండవు, అడ్డగీతలు దాదాపు లేవు. చెక్క మీద కత్తితో చెక్కేటప్పుడు నార వెంబడి గీత గీస్తే అది నారలో కలిసిపోతుంది, అందుకే అలా అని చెప్తారు. ఇది లోకం కట్టేవాళ్ళకి పెద్ద పాఠం, గుర్తు ఆకారం దాన్ని దేని మీద గీస్తారో దాన్నుంచి రావాలి. కత్తి పిడి మీద, తెడ్డు మీద, తాయెత్తు మీద రెండు మూడు అక్షరాల మంత్రం కావాలంటే రూన్‌ల పద్ధతి బాగుంటుంది.

కానీ మాకు కుదర్లేదు. 24 గుర్తులు ఎవడు గుర్తుపెట్టుకుంటాడు, ప్రతిసారీ కాగితం తీసి వెతుక్కోవడమే. ఒంగోలు అక్క ఒకసారి చూసి "ఏందిరా ఇది, చేపల మార్కెట్లో తూకం లెక్క రాసినట్టుంది" అంది, అంతే, ఆ తర్వాత ఎవరికీ భయం రాలా. ఇంకోటి కూడా ఉంది, కొన్ని రూన్‌లని నాజీలు వాడుకున్నారు, వాళ్ళ ఎస్ఎస్ అనే సాయుధ దళం గుర్తు రెండు రూన్‌లే. ఆన్‌లైన్‌లో బయటి దేశాలవాళ్ళతో ఆడేవాళ్ళు ఏది తీసుకుంటున్నారో చూసుకోండి. స్వస్తిక్‌ది కూడా ఇదే గొడవ, మనకి గుమ్మం మీద పసుపుతో పెట్టేది, వాళ్ళకి ఇంకోటి, ఆట ఆపి ప్రతిసారీ వివరణ ఇచ్చే ఓపిక ఉంటే పెట్టుకోండి.

ఐదు కొనల నక్షత్రం గురించి నాకు మొదట చిన్నచూపు ఉండేది, హారర్ సినిమా పోస్టర్లలో చూసి చూసి. తర్వాత మారింది. చెయ్యి ఎత్తకుండా ఐదు గీతల్లో అయిపోతుంది, లోపల మళ్ళీ ఒక పంచభుజి వస్తుంది, దాంట్లో మళ్ళీ నక్షత్రం గీయొచ్చు, అలా పోతూనే ఉండొచ్చు. పైథాగరస్ శిష్యులు తమ గుర్తుగా పెట్టుకున్నారు. అసలు నన్ను పట్టేసింది మాత్రం జర్మన్ రచయిత గోథే రాసిన ఫౌస్ట్ నాటకంలో ఒక సీన్, 1808లో వచ్చిన మొదటి భాగంలోది. దయ్యం నల్లకుక్క రూపంలో పండితుడి వెంట ఇంట్లోకి వచ్చేస్తాడు, తీరా బయటికి పోదామంటే పోలేడు, ఎందుకంటే గడప మీద నక్షత్రం గీసి ఉంది. మరి లోపలికి ఎలా వచ్చాడయ్యా అంటే, బయటివైపు ఉన్న మూల సరిగ్గా కలవలేదు, చిన్న సందు ఉంది. లోపలివైపు మూలలు మాత్రం బాగానే ఉన్నాయి. చివరికి ఒక ఎలకని పిలిచి ఆ మూల కొరికించుకుని బయటపడతాడు.

ఈ ఒక్క సీన్‌లో గుర్తుకి కావాల్సినవన్నీ ఉన్నాయి చూడండి, తప్పు ఎక్కడుందో తెలుసు, ఆ తప్పు వల్ల ఏమైందో తెలుసు, దాన్ని చెరిపేది ఎవరో తెలుసు. అయినా మా ఆటకి నక్షత్రం తీసుకోలేదు, కారణం సింపుల్, మూడు సెకన్లలో గీసేస్తున్నారు. ప్లేయర్‌కి చెమట పట్టాలి కదా. రాక్షసుడు తలుపు బాదుతుంటే గబగబా గీసే అత్యవసర మంత్రంగా పెట్టుకోండి, ఊరు మొత్తాన్ని కాపాడే గుర్తుగా వద్దు. ఆరు కొనలది అయితే అసలే వద్దు, ఒకళ్ళకి ఇజ్రాయెల్ జెండా, ఇంకొకళ్ళకి సుబ్రహ్మణ్యస్వామి యంత్రం, కొత్త అర్థం ఇవ్వడానికి అందులో చోటు లేదు.

శ్రీచక్రం ఎందుకు వద్దు అని చిన్నోడు గట్టిగా అడిగాడు. చూడ్డానికి దానికి మించింది లేదు, ఒప్పుకుంటా. తొమ్మిది పెద్ద త్రికోణాలు, నాలుగు పైకి, ఐదు కిందకి, అవి ఒకదాన్నొకటి కోసుకుంటే 43 చిన్న త్రికోణాలు, చుట్టూ ఎనిమిది రేకులు, పదహారు రేకులు. కానీ పెరంబూర్ అమ్మాయి వాళ్ళింట్లో రోజూ కుంకుమ పూజ చేసేది దానికే, ఇక్కడికి దగ్గర్లో కంచి కామాక్షి గుళ్ళో అమ్మవారి ముందు ఉన్నది అదే. దాని మీద డైస్ వేసి ఫెయిల్ అయ్యావు అనడం నాకు ఇష్టం లేదు. పోనీ ఆ మొహమాటం లేదనుకున్నా, మూడేసి గీతలు ఒకే బిందువు దగ్గర కలవాలి, స్కేలు కాంపస్ పెట్టినా కుదరడం కష్టం, శనివారం రాత్రి పదింటికి సుండల్ తింటున్న చేత్తో అస్సలు కుదరదు.

అంకెల చదరం మాత్రం ఓడిపోయినా నాకు బాగా నచ్చింది. మూడు బై మూడు గడులు, 1 నుంచి 9, ఎటు కూడినా 15. తిప్పినవీ అద్దంలో చూసినట్టు ఉన్నవీ పక్కన పెడితే అలాంటిది ఒక్కటే ఉంది, అంటే ప్లేయర్‌కి ఒకసారి తెలిసిపోతే ఆ తాళం ఇక పనిచెయ్యదు. నాలుగు బై నాలుగు అయితే 880 రకాలు, ఎటు కూడినా 34, ఖజురాహోలో పార్శ్వనాథ ఆలయంలో ఒకటి చెక్కి ఉంది, డ్యూరర్ అనే జర్మన్ చిత్రకారుడు తన బొమ్మలో పెట్టిన చదరంలో కింద వరసలో 15, 14 పక్కపక్కన వస్తాయి, బొమ్మ వేసిన ఏడాది 1514. ఇక్కడ మద్రాస్ పోర్ట్ ట్రస్ట్‌లో గుమాస్తాగా చేసిన రామానుజన్ నోట్‌బుక్స్‌లో మొదటి అధ్యాయం ఈ చదరాల మీదే.

చెన్నైలో ఉన్నవాళ్ళకి ఇంకో లాభం, కుబేర కోలం ఎక్కడైనా కనిపిస్తుంది. పై వరస 27, 20, 25, మధ్య వరస 22, 24, 26, కింద 23, 28, 21, ఎటు కూడినా 72. పూజ గదిలో వేసి గడికో నాణెం పెడతారు. అది ఏదో దేవరహస్యం అనుకున్నా నేను, తీరా చూస్తే ఆ 15 చదరానికే ప్రతి గడిలో 19 కలిపారు. మీ కథలో భోషాణాలు, నేలమాళిగలు, దొంగలు ఉంటే కళ్ళు మూసుకుని ఇది తీసుకోండి, సగం గడులు నింపి ఇచ్చి మిగతావి పూర్తి చెయ్యమనండి. తప్పు అయితే వెంటనే తెలుస్తుంది, వాదన ఉండదు. మాకు ఎందుకు కాదంటే, లెక్కలు వచ్చిన ఒక్కడే ఆడతాడు, మిగతా నలుగురం వాడి మొహం చూస్తూ కూర్చుంటాం.

ముగ్గు సంగతి చివరికి ఎలా వచ్చిందంటే నా నిద్రలేమి వల్ల. కింద పోర్షన్‌లో ఓనర్ వాళ్ళ అమ్మ ఉంటారు, మేమందరం పాటీ అంటాం. తెల్లారి ఐదున్నరకి నేను నైట్ షిఫ్ట్ దిగి మెట్లెక్కబోతుంటే ఆవిడ నీళ్ళు చల్లిన వాకిట్లో వంగి ఉన్నారు. బియ్యప్పిండి చిటికెడు పట్టుకుని బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య నుంచి వదుల్తున్నారు, చెయ్యి నేలకి తగలట్లేదు, ఒక జానెడు పైనే ఉంది, పిండి దారంలాగా పడుతోంది. ముందు చుక్కలన్నీ పెట్టేసారు, తర్వాత ఒక మూల మొదలుపెట్టి చుక్క చుట్టూ తిప్పుతూ, రెండు చుక్కల మధ్య గీతని గీత దాటిస్తూ పోయి పోయి మళ్ళీ మొదలుపెట్టిన చోటికే వచ్చి కలిపేసారు. చుక్కకి గీత తగల్లేదు, ఏ చుక్కా బయట మిగల్లేదు. నేను నోరు తెరుచుకుని నిలబడితే "పుళ్ళి మొదల్ల, కోడు అప్పురం, తంబీ" అన్నారు, చుక్క ముందు గీత తర్వాత అని, అదేదో నేను పరీక్షకి వెళ్తున్నట్టు. నేను పైకెళ్ళి పడుకోకుండా కాగితం తీసా.

మనం మెలికల ముగ్గు అనేదాన్ని ఇక్కడ సిక్కు కోలం అంటారు, సిక్కు అంటే చిక్కే. పక్కనున్న ప్రతి రెండు చుక్కల మధ్యా గీతలు దాటుకునే మామూలు మెలిక తీసుకుంటే దాంట్లో ఒక భలే రూల్ ఉంది. అడ్డం ఎన్ని చుక్కలు, నిలువు ఎన్ని చుక్కలు, ఆ రెండిటి గ.సా.భా ఎంతో అన్ని విడి గీతలు వస్తాయి. ఆరో క్లాసులో ఎందుకురా బాబూ ఇది అనుకున్న అదే గ.సా.భా. 3 బై 4 అయితే గ.సా.భా 1, కాబట్టి మొత్తం ముగ్గు ఒకటే గీత, 17 చోట్ల తనని తానే దాటుకుని వచ్చి కలుస్తుంది. 3 బై 3 అయితే మూడు విడి గీతలు, ఒకదాంట్లో ఒకటి చిక్కుకుని ఉంటాయి గానీ కలవవు. 2 బై 2 అయితే రెండు. నమ్మకపోతే పెన్ను తీసుకుని 2 బై 3 గీసి చూడండి, నిమిషం పని.

ముగ్గుల మీద కంప్యూటర్ సైన్స్ కూడా ఇక్కడే పుట్టింది, తాంబరంలో మద్రాస్ క్రిస్టియన్ కాలేజీలో గిఫ్ట్ సిరోమనీ, రాణి సిరోమనీ, కమలా కృతివాసన్ కలిసి కోలాలకి వ్యాకరణం రాస్తూ 1974లో పేపర్ వేసారు. వాక్యానికి వ్యాకరణం ఉన్నట్టే బొమ్మకీ ఉంటుందని. అది తెలిసాక మా పెద్దోడి నోట రూన్ అన్న మాట మళ్ళీ రాలేదు.

మా కట్టుకి మేం పెట్టుకున్న రూల్ ఇది. ఇంట్లో ఎంతమంది ఉంటే అన్ని చుక్కలు, గీసేముందు ఒక్కో చుక్కకి ఒక్కో పేరు పైకి చెప్పాలి. గీత ఒక్కటే ఉండాలి, మొదలుపెట్టిన చోటే ముగియాలి. చుక్క బయట మిగిలితే ఆ పేరు మరుపుకి పోయినట్టే. దీంతో మేం అనుకోనివి చాలా వచ్చి పడ్డాయి. నలుగురున్న ఇల్లు చూడండి, 2 బై 2 వేస్తే రెండు గీతలు, కట్టు నిలవదు, కాబట్టి వాళ్ళు నాలుగు చుక్కలు ఒకే వరసలో వెయ్యాలి, అందుకని మా లోకంలో నలుగురుండే ఇళ్ళ గడపలు వెడల్పుగా ఉంటాయి. ఇది నేను ప్లాన్ చేసింది కాదు, లెక్కలోంచి ఊడిపడింది. ఆరుగురైతే హాయి. తొమ్మిదిమంది ఉన్న ఉమ్మడి కుటుంబానికి 3 బై 3 పనిచెయ్యదు, వరసలో తొమ్మిది పెడదామంటే వాకిలి చాలదు.

టేబుల్ మీద ఎలా ఆడించాలంటే, డైస్ పక్కన పెట్టి నిజంగానే గీయించండి. మేం స్వీట్ బాక్స్ అట్టల వెనక గీస్తాం, రెండు నిమిషాల ఇసక గడియారం. మొదటిసారి చిన్నోడికి వచ్చింది, 3 బై 4, పన్నెండు పేర్లు. నోటితో పేర్లు చెప్పి మొదలెట్టాడు, మొదటి రెండు వరసలు బాగానే వెళ్ళాయి, మూడో వరసలో తిరగాల్సిన చోట తిరక్కుండా ముందే మలుపు తీసుకున్నాడు. ఎవరం మాట్లాడలేదు, ఫ్యాన్ చప్పుడు తప్ప ఏం లేదు. గీత మాత్రం చక్కగా వచ్చి కలిసింది, వాడు "అయిపోయిందన్నా" అని చెయ్యి ఎత్తేసాడు. మూలన ఒక చుక్క బయటే ఉంది. పెరంబూర్ అమ్మాయి వేలు పెట్టి చూపించి, "అది మా అమ్మ" అంది, అంటే ఆటలో తన పాత్ర వాళ్ళ అమ్మ. వాడు ఆ వారమంతా గ్రూప్‌లో సారీ పెడుతూనే ఉన్నాడు.

దేంతో గీస్తారు అన్నది కూడా తేల్చుకోండి, అది గుర్తు ఎంత ముఖ్యమో అంత ముఖ్యం. బియ్యప్పిండి అయితే చీమలు, పిచ్చుకలు తినేస్తాయి, మధ్యాహ్నానికి సగం ఉండదు, అంటే మంత్రం రోజూ మళ్ళీ వెయ్యాలి. ముగ్గురాయి పొడి అయితే ఎవరూ తినరు, గాలికి పోవాలి, కాలికి చెరగాలి. ఈ రెండిటి మధ్య తేడాతోనే మేం రెండు కులాల మంత్రగాళ్ళని పెడదామనుకుని, కులం అన్న మాట దగ్గర ఒంగోలు అక్క చూసిన చూపుకి రెండు వీధులు అని మార్చాం. చుట్టూ ఎర్రమట్టి అంచు వేస్తే పండగ రోజు కట్టు, బలం ఎక్కువ. రంగనాథన్ స్ట్రీట్‌లో అమ్మే ప్లాస్టిక్ స్టిక్కర్ ముగ్గు మా లోకంలో కూడా ఉంది, మోసగాళ్ళు అమ్ముతారు, చూడ్డానికి అంతా సరిగ్గానే ఉంటుంది, పనిచెయ్యదు, ఎందుకంటే ఎవరూ పేర్లు చెప్పలేదు. ఇంకా, ఇంట్లో చావు జరిగితే మనం ముగ్గు వెయ్యం కదా, అది అలాగే ఉంచేసాం. ముగ్గు లేని వాకిలి చూడగానే ప్లేయర్లు గొంతు తగ్గించేస్తారు, నేను ఒక్క ముక్క వర్ణించక్కర్లా.

ఒకటే ఇల్లు కాకుండా వీధి మొత్తాన్ని కాపాడే మంత్రం కావాలంటే మెలిక చాలదు, రథం ముగ్గు తీసుకోండి. కనుమకి మన ఊళ్ళలో రథం వేసి దాని తాడు పక్కింటి రథం దాకా లాగుతారు, వాళ్ళు ఆ పక్కింటికి. తాడు ఎక్కడ తెగితే అక్కడిదాకే రక్ష. పక్కింటితో మాటల్లేని ఇల్లు వీధిలో ఒకటుంటే చాలు, కథ దానంతటదే నడుస్తుంది. ఇది చెన్నై ఫ్రెండ్స్‌కి చెప్తే వాళ్ళకి కొత్తగా అనిపించింది.

ఒక్క ఇబ్బంది ఒప్పుకోవాలి. ముగ్గు చిన్నప్పట్నుంచి వేసినవాళ్ళు ఈ ఆటలో మిగతావాళ్ళని తినేస్తారు. పెరంబూర్ అమ్మాయి 5 బై 7 నిమిషంన్నరలో వేసేస్తుంది, మా పెద్దోడు 2 బై 3కే చెమటలు కక్కుతాడు. మేం దానికి వాళ్ళ పాత్రల అనుభవాన్ని బట్టి టైమ్ తగ్గించాం, పెంచాం, ఇంకా పూర్తిగా కుదర్లేదు. మీ గ్రూప్‌లో ఒక్కళ్ళే అలాంటివాళ్ళు ఉండి మిగతా అందరూ గీయడానికి సిగ్గుపడే రకం అయితే అంకెల చదరానికే పొండి. ఒంటరిగా కథ రాసుకుంటున్నవాళ్ళకైతే ఈ గొడవే లేదు, ముగ్గే.

పోయిన శనివారం వాళ్ళు తొమ్మిదిమంది ఉన్న ఇంట్లో తలదాచుకున్నారు, తెల్లారబోతోంది, మరుపు రేవు దాటి వీధిలోకి వచ్చేసింది. తొమ్మిదికి కట్టు పడదు, పన్నెండైతే పడుతుంది. సరిగ్గా అప్పుడే తలుపు కొట్టిన చప్పుడు, బయట ముగ్గురు కొత్తవాళ్ళు. ఒంగోలు అక్క అట్ట మీద పన్నెండు చుక్కలు పెట్టేసి పెన్ను పట్టుకుని ఒక్కొక్కళ్ళ పేరు అడుగుతోంది. ఇద్దరు చెప్పారు. మూడోవాడు, "నా పేరు మీకెందుకు" అన్నాడు.